భేతాళ పరుగు: మైలాపూరు నుంచి ఒక ప్రాజెక్టు డైరీ

జూలై, మొదటి వారం

ప్రాజెక్టు ఇది. వచ్చే జనవరి నాటికి నేను మధ్యలో నడవకుండా పది కిలోమీటర్లు పరుగెత్తాలి. మా మేనకోడలు ఒక తెలుగు నవలను ఎవరి సాయమూ లేకుండా చివరి దాకా చదవాలి.

నాకు చదవడం చిన్నప్పటి నుంచీ ఉన్నదే. పరుగంటే మాత్రం బస్సు వెనకాల పరుగెత్తడం తప్ప తెలియదు. ఆమె సంగతి తలకిందులు. కాలేజీలో 1,500 మీటర్ల పందెంలో పరుగెత్తిన పిల్ల. చెన్నైలో పుట్టి పెరిగింది కాబట్టి తమిళం, ఇంగ్లీషు గడగడా చదువుతుంది. తెలుగు ఇంట్లో మాట్లాడటమే గాని అక్షరాలు రావు. ఈ ఊళ్ళో తెలుగు ఇళ్ళలో ఇది కొత్త సంగతేమీ కాదు. అక్కాబావలు ఉండేది అంబత్తూరు అవతల. ఉద్యోగం ఇటువైపు రావడంతో పిల్ల మా ఇంట్లో ఉంటోంది. ఎవరికి వచ్చిన విద్య వాళ్ళు రెండోవాళ్ళకు నేర్పాలని ఒప్పందం కుదుర్చుకున్నాం.

పరుగూ చదువూ రెండూ పట్టుబడితే జీవితంలో గెలిచినట్టేనని చెప్పే వీడియోలు నా ఫోనులోకి రోజూ వస్తుంటాయి. నాలుగున్నరకు లేవండి, వారానికో పుస్తకం ముగించండి, 21 రోజులు చేస్తే అలవాటైపోతుంది అంటారు. ఆడిట్ ఆఫీసులో పనిచేసేవాడికి ఏ అంకె కనబడినా దాని వోచరు చూడాలనిపిస్తుంది. వెతికితే ఈ 21 వెళ్ళి మాక్స్‌వెల్ మాల్ట్జ్ అనే అమెరికన్ ప్లాస్టిక్ సర్జన్ దగ్గర తేలింది. మారిన ముఖానికి అలవాటు పడటానికి రోగులకు కనీసం 21 రోజులు పడుతోందని ఆయన 1960లో రాశాడు. ‘కనీసం’ దారిలో ఎక్కడో జారిపోయింది. ముఖం స్థానంలో పరుగు, ధ్యానం, పొదుపు అన్నీ వచ్చి చేరాయి.

లండన్ యూనివర్సిటీ కాలేజీలో ఫిలిపా లాలీ బృందం 96 మందిని పన్నెండు వారాలు గమనించి 2010లో అచ్చువేసిన లెక్క వేరు. ఒక పని ఆలోచించకుండా జరిగిపోయే దశకు రావడానికి మధ్యస్థంగా 66 రోజులు. మనిషిని బట్టి, పనిని బట్టి 18 నుంచి 254 దాకా. నీళ్ళు తాగడం లాంటివి త్వరగా కుదురుతాయి, వ్యాయామం ఆలస్యంగా కుదురుతుంది. మధ్యలో ఒక రోజు తప్పినా పెద్దగా నష్టం లేదని కూడా వాళ్ళ గమనిక. ప్రాజెక్టుకు నేను ఒప్పుకున్నది ఈ చివరి వాక్యం చూసే.

జూలై, చివరి వారం

మా మైదానం లజ్ చర్చ్ రోడ్డులోని నాగేశ్వరరావు పార్కు. తెల్లవారకముందే నడిచేవాళ్ళతో నిండిపోతుంది. చుట్టు చిన్నది, చెట్ల నీడ ఉంది, కుక్కల బెడద లేదు. నాలాంటి కొత్తవాడికి ఇంతకంటే మంచి చోటు దొరకదు. పేరు చూసి ఎవరో కార్పొరేషన్ పెద్దమనిషి అనుకునేవాళ్ళే ఎక్కువ. ఆయన మన కాశీనాథుని నాగేశ్వరరావు పంతులే. 1893లో బొంబాయిలో అమృతాంజనం మొదలుపెట్టి, ఆ డబ్బుతో 1908లో ఆంధ్రపత్రికను వారపత్రికగా తెచ్చి, 1914లో మద్రాసు నుంచి దినపత్రిక చేసిన మనిషి. కోస్తా, రాయలసీమ నాయకులు 1937 నవంబరు 16న శ్రీబాగ్ ఒడంబడిక చేసుకున్నది కూడా ఈ ఊళ్ళో ఆయన ఇంట్లోనే. నొప్పుల మందు అమ్మి పత్రిక నడిపిన ఆయన పేరిట ఉన్న పార్కులో పరుగూ చదువూ మొదలవడం బాగానే కుదిరింది. మొదటి వారం నా పిక్కలకు రాసింది కూడా ఆయన మందే. దానిలోని పుదీనా పువ్వు చర్మానికి చల్లదనం చూపించి నొప్పి మీది నుంచి ధ్యాస మళ్ళిస్తుంది, అంతే. కండరం బాగుపడటానికి మాత్రం విశ్రాంతి, నిద్ర కావాలి.

గురువుగారి పద్ధతి: రెండు నిమిషాలు పరుగు, ఒక నిమిషం నడక. వారం గడిచాక పరుగు కాస్త పెరుగుతుంది, నడక అలాగే ఉంటుంది. గడియారం నా చేతికి లేదు, ఆమె చేతికి ఉంది. వేగానికి ఆమె పెట్టిన కొలత ఒక్కటే: పరుగెత్తుతూ పూర్తి వాక్యం మాట్లాడగలగాలి. పొడిపొడి మాటలు వస్తున్నాయంటే వేగం ఎక్కువైనట్టు. క్రీడాశాస్త్రంలో దీన్ని సంభాషణ పరీక్ష అంటారు. గుండెకొట్టుకునే వేగం కొలిచే పట్టీలు లేని రోజుల నుంచీ శిక్షకులు వాడుతున్నదే. మాట ఆగే చోట శరీరం ఊపిరి వేగం బాగా పెంచుకుంటోందని అర్థం.

చెన్నైలో ఈ కొలత మరీ అవసరం. తెల్లవారుజామున ఎండ ఉండదు గాని గాలిలో తేమ అప్పుడే ఎక్కువ. ఒళ్ళు చల్లబడేది చెమట కారడం వల్ల కాదు, ఆరడం వల్ల. తేమలో అది ఆరదు. అప్పుడు చర్మానికి రక్తం పంపడం కోసం గుండె అదే పరుగు వేగానికి ఇంకాస్త ఎక్కువగా కొట్టుకోవాలి. వేడికి శరీరం సర్దుకోవడానికి పది, పద్నాలుగు రోజులు పడుతుంది. బెంగళూరు బంధువులు పంపే పరుగు లెక్కలు చూసి మనం సిగ్గుపడనక్కర్లేదు. వాళ్ళు తొమ్మిది వందల మీటర్ల ఎత్తున, చల్లగాలిలో ఉన్నారు.

నూలు బనియను మానేశాను. తడిసి బరువెక్కి ఒరుసుకుంటుంది. బూట్లు ఒక సైజు పెద్దవి కొన్నాం. పరుగులో పాదం ఉబ్బుతుంది కనుక వేలి ముందు బొటనవేలంత ఖాళీ ఉండాలి.

ఆగస్టు, రెండో వారం

పరుగెత్తుతూ మాట్లాడాలి, సరే. ఏం మాట్లాడాలి? చుట్టాల సంగతులు మొదటి వారంలోనే అయిపోయాయి. ఆఫీసు సంగతులు ఆమెకు విసుగు, ఆమె ఆఫీసు సంగతులు నాకు అర్థం కావు. ఒకరోజు ఆమే అడిగింది.

“మామయ్యా, రాత్రి మీరు చదువుతున్నదేమిటో అది చెప్పండి. నేను వింటాను. మీ మాట ఆగితే నడకలోకి దిగుదాం.”

ఇక్కడ ప్రాజెక్టు మలుపు తిరిగింది. చెప్పడం మొదలుపెట్టాక ఊపిరి సంగతి తరువాత, కథే సరిగా రాలేదు. ముందు రాత్రి ముప్పై పేజీలు చదివాను. పార్కులో రెండు చుట్లకే సరుకు అయిపోయింది. ఎవరు ఎవరికి ఏమవుతారో, పెద్దాయన కోర్టుకు ఎందుకు వెళ్ళాడో అడిగితే తడబాటు. పేజీలు తిరిగాయి గాని పుస్తకం లోపలికి రాలేదు. మర్నాడు పది పేజీలే చదివాను. పుస్తకం మూసి, ఏం జరిగిందో ఒకసారి మనసులో చెప్పుకుని పడుకున్నాను. పొద్దున్న కథ పరుగు చివరి దాకా వచ్చింది.

రోడిగర్, కార్పికే అనే ఇద్దరు మనస్తత్వ శాస్త్రవేత్తలు 2006లో విద్యార్థుల మీద చేసిన ప్రయోగం ఈ సందర్భంలో గుర్తుకొచ్చింది. కొందరు ఒక పాఠాన్ని మళ్ళీ మళ్ళీ చదివారు. కొందరు చదివి, చూడకుండా గుర్తు తెచ్చుకున్నారు. అయిదు నిమిషాల తరువాత అడిగితే మళ్ళీ చదివినవాళ్ళదే పైచేయి. వారం తరువాత అడిగితే గుర్తు తెచ్చుకున్నవాళ్ళది పైచేయి. మన పల్లెల్లో హరికథ విని వచ్చి, మర్నాడు చేలో పక్కవాళ్ళకు చెప్పినవాళ్ళకు కథ ఎందుకు జీవితమంతా మిగిలిందో దీన్నిబట్టి తెలుస్తుంది.

అంటే మాకు ఒకే పరీక్ష రెండు పనులూ చేస్తోంది. చెబుతూ ఆయాసం వస్తే పరుగు వేగం ఎక్కువ. ఆయాసం లేకుండానే కథ ఆగిపోతే చదువు వేగం ఎక్కువ. రెండు అలవాట్లను విడివిడిగా పెంచుకోమని చెప్పే వీడియోలలో ఈ ముడి ఎక్కడా కనబడలేదు. వాళ్ళ పట్టికలో పరుగుకు ఒక గడి, చదువుకు ఒక గడి. రెండింటికీ టిక్కు పెట్టడమే లెక్క.

మా పరుగుకు ‘భేతాళ పరుగు’ అని ఆమే పేరు పెట్టింది. విక్రమార్కుడు నోరు తెరిస్తే భేతాళుడు ఎగిరిపోయేవాడు, మామయ్య నోరు మూస్తే పరుగు ఎగిరిపోతుంది అని పార్కులో పెద్దగా అనేసింది. పక్కన నడుస్తున్న తెలుగు పెద్దాయన ఒకరు నవ్వి, మా వెంట అరచుట్టు వేగంగా నడిచి, కథ ఎక్కడి దాకా వచ్చిందని అడిగారు.

ఆగస్టు, చివరి వారం

ఆమె వైపు ప్రగతి. తమిళం చదివేవాళ్ళకు తెలుగు లిపి ఎక్కడ అడ్డుపడుతుందో నాకు ఇప్పుడు బాగా తెలిసింది. తమిళంలో క, ఖ, గ, ఘ నాలుగింటికీ ఒక్కటే అక్షరం. చోటును బట్టి పలుకు మారుతుంది. కాబట్టి ఆమెకు మొదట ఇన్ని అక్షరాలు దండగ అనిపించింది. పలికే తెలుగు ముందే వచ్చు గనుక ఆ గోడ రెండు వారాల్లో కూలింది. గాలి, కాలి వేరని చెవికి తెలుసు, కంటికి చెప్పడమే మిగిలింది.

అసలు అడ్డు ఒత్తులు. తమిళంలో అచ్చులేని హల్లు నెత్తిన చుక్క పెట్టి, తరువాతి అక్షరాన్ని పక్కనే రాస్తారు. వరస చెదరదు. మనం రెండో అక్షరాన్ని కిందికి దింపుతాం, దాని రూపం కూడా మార్చేస్తాం. తకారం ఒత్తుకీ తకారానికీ, మకారం ఒత్తుకీ మకారానికీ చుట్టరికం కంటికి ఆనదు. ‘రాష్ట్రం’ దగ్గర ఆమె బొత్తిగా ఆగిపోయి, ఒకదాని కింద ఒకటి ఇన్ని ఉంటే కన్ను ఎటు పోవాలని అడిగింది. పట్టిక బట్టీ పట్టించే పని పెట్టుకోలేదు. ఒక్కో వారం రెండు మూడు ఒత్తులు, అవి తరచుగా వచ్చే పేరా ఒకటి.

వాచకంగా పనికొచ్చింది మా నాన్న బైండు చేయించి దాచిన చందమామలు. ఈ పత్రిక తెలుగూ, అంబులిమామ పేరుతో తమిళమూ 1947 జూలైలో మద్రాసు నుంచే మొదలయ్యాయి. కథ ఆమె చిన్నప్పుడు తమిళంలో చదివిందే. తెలిసిన కథ తెలియని లిపిలో చదివితే కన్ను ఊహతో ముందుకు పోతుంది. ఊహ తప్పిన చోటే అక్షరం నేర్చుకుంటుంది. కొత్త లిపి నేర్పేవాళ్ళందరికీ ఇదే చెబుతాను: కొత్త కథతో మొదలుపెట్టకండి.

సెప్టెంబరు

టాక్స్ ఆడిట్ నివేదికలకు మామూలుగా 30 గడువు. ఆఫీసు నుంచి వచ్చేసరికి రాత్రి పదకొండు. ఈ నెలకు కనీసపు నియమం పెట్టుకున్నాం. బూట్లు వేసుకుని వీధి చివరి దాకా పరుగెత్తి రావాలి, ఒక పేజీ చదవాలి. అంతకు మించి చేయబుద్ధయినా చేయకూడదు. నిద్ర తగ్గించి పరుగెత్తడం మాత్రం ఆమె ఒప్పుకోలేదు. అదీ మంచిదే అయింది. నిద్ర కొరత ఉన్న ఒంటికి దెబ్బలు త్వరగా తగులుతాయి.

రాయడానికి ఇంకేమీ లేదు.

అక్టోబరు, మొదటి వారం

మెరీనాకు మారాం. లజ్ దగ్గర మెట్రో పనుల వల్ల రోడ్డు దాటడం ఒక వ్యాయామంగా మారింది, పైగా దూరం పెరిగాక పార్కులో చుట్లు తిరగడం తల తిప్పుతోంది. గాంధీ విగ్రహం దగ్గర మొదలుపెట్టి ఉత్తరానికి, నేపియర్ వంతెన వైపు శ్రామికుల విగ్రహం దాకా, మళ్ళీ వెనక్కి. బాట మీదే. ఇసుకలో పరుగెత్తితే పిక్కలకు బలమని చెప్పేవాళ్ళు ఉన్నారు. కొత్తవాళ్ళు నమ్మవద్దు. అడుగు వేసిన ప్రతిసారీ మడమ లోపలికి దిగి, పిక్క స్నాయువు (కండరాన్ని ఎముకకు కట్టే తాడు) సాగిపోతుంది. గుండె, ఊపిరితిత్తులు కొన్ని వారాల్లో బలపడతాయి. ఎముకకూ స్నాయువుకూ నెలలు కావాలి. ఊపిరి బాగుంది కదా అని దూరం పెంచినవాళ్ళకే మోకాలి కింద ముందువైపు ఎముక వెంట నొప్పి పట్టుకుంటుంది.

మెరీనాలో పరుగెత్తేవాళ్ళు పెద్దగా గమనించరు గాని, ఆ బాట పొడుగునా నిలబడినవాళ్ళలో చాలామంది పుస్తకాల మనుషులే. 1968లో రెండో ప్రపంచ తమిళ మహాసభలప్పుడు పెట్టిన విగ్రహాలు: అవ్వయ్యార్, తిరువళ్ళువర్, కంబర్, భారతి, భారతీదాసన్. వాళ్ళతోపాటు ముగ్గురు తెల్లవాళ్ళు కూడా ఉన్నారు. తిరుక్కురళ్‌ను ఇంగ్లీషులోకి తెచ్చిన జి.యు. పోప్. తెలుగు, తమిళం, కన్నడం, మలయాళం ఒకే కుటుంబమని 1856లో వ్యాకరణంతో నిరూపించిన కాల్డ్‌వెల్. ఇటలీ నుంచి వచ్చి వీరమామునివర్‌గా మారిన బెస్కి. తమిళ లిపిలో హ్రస్వ ఎకారానికీ దీర్ఘ ఏకారానికీ, ఒకార ఓకారాలకూ స్పష్టమైన తేడా పెట్టింది ఈయనేనని చెబితే, ఒత్తులతో విసిగిపోయి ఉన్న మా పిల్ల ఆయన విగ్రహం ముందు ఆగి, “వీరు తెలుగు దాకా వచ్చి ఉంటే బాగుండేది” అంది.

ఇప్పుడు కథ చెప్పేది ఒకరోజు నేను, ఒకరోజు ఆమె. తను చదివినది రెండు పేజీలే అయినా చెప్పాల్సిందే.

అక్టోబరు, మూడో వారం

ఆఫీసులో కుర్రవాడొకడు నా పరుగు సంగతి విని, వారానికో పుస్తకం చదవడానికి వేగ పఠనం తరగతి ఉందని చెప్పాడు. నాకు దాని మీద నమ్మకం లేదు. ఇంగ్లీషులో కథలు కాని రచనలను మౌనంగా చదివే పెద్దవాళ్ళ సగటు నిమిషానికి సుమారు 238 మాటలని మార్క్ బ్రిస్‌బార్ట్ 2019లో 190 అధ్యయనాలను కలిపి లెక్కకట్టారు. ప్రత్యయాలన్నీ అతుక్కుని ఒక్కో మాట బారెడు ఉండే తెలుగుకు ఆ అంకె వర్తించదు. ఏ భాషకైనా వర్తించేది కీత్ రేనర్ బృందం 2016లో తేల్చిన సంగతి: వేగం పెంచితే అర్థం కావడం తగ్గుతుంది, రెండూ కలిపి పెరగవు. ఎక్కువ చదివినవాళ్ళకు మాటలు పరిచయమై వేగం దానంతటదే వస్తుంది. పరుగులోనూ అంతే. నెమ్మది పరుగులు పేరుకున్న కొద్దీ అదే ఊపిరికి కాళ్ళు ఎక్కువ దూరం పోతాయి. జూలైలో కిలోమీటరుకు తొమ్మిది నిమిషాలకు మాట ఆగేది. ఇప్పుడు ఎనిమిదికి దగ్గరగా వచ్చినా వాక్యం పూర్తవుతోంది.

ఉద్యోగంలో దీని ఫలితం ఒకటి కనబడింది. ఒక క్లయింటు లీజు ఒప్పందం, అరవై పేజీలు. మామూలుగా అయితే రంగు పెన్ను పట్టుకుని అంకెలున్న చోట్ల గీతలు గీసుకుంటూ పోయేవాళ్ళం. ఈసారి ఒక్కో భాగం అయ్యాక కాగితం మూసి, అందులో ఏముందో జూనియరుకు నోటితో చెప్పాను, తరువాతి భాగం అతను నాకు చెప్పాడు. అద్దె పెంపు షరతు ఒక చోట, దానికి మినహాయింపు నలభై పేజీల అవతల అనుబంధంలో ఉన్నాయి. చెప్పేటప్పుడు రెండూ పొసగలేదు గనుకే పట్టుబడింది. విజయవంతమైన జీవితం అని వీడియోలు చెప్పేదానికి నా దగ్గరున్న ఆధారం ప్రస్తుతానికి ఈ అనుబంధమే.

నవంబరు

వానలు. ఈశాన్య రుతుపవనాలు పట్టుకుంటే మైలాపూరు వీధుల్లో బూట్లు కాదు, పడవ కావాలి. నీళ్ళు నిలిచిన రోడ్డు మీద పరుగెత్తడం సాహసం కాదు, మూతలేని మ్యాన్‌హోలుతో జూదం. అపార్టుమెంటు మెట్లు ఎక్కి దిగాం. మెట్ల మీద మాట రాదు కాబట్టి కథలు బంద్. నాకు మెట్లు నచ్చలేదు.

బదులుగా ఆదివారాలు ఎగ్మూరులోని కన్నెమరా గ్రంథాలయానికి. 1896 డిసెంబరు 5న తెరిచిన ఈ లైబ్రరీకి 1954 చట్టం కింద దేశంలో అచ్చయ్యే ప్రతి పుస్తకం ఒక ప్రతి పంపాలి. ఆ హక్కు దేశంలో నాలుగే గ్రంథాలయాలకు ఉంది. మిగతావి కోల్‌కతా, ముంబై, ఢిల్లీలలో ఉన్నాయి. తెలుగు పుస్తకాల కోసం తెలుగు రాష్ట్రాలకు పోనక్కరలేదని చూపించడానికి పిల్లను తీసుకెళ్ళాను. తను చూసింది వేరు. పాత పుస్తకాల్లో అరసున్నలు, బండి ఱలు, నిలువు నకారప్పొల్లు. “ఇవన్నీ కూడా నేర్చుకోవాలా మామయ్యా?” అంటే, చదివేటప్పుడు అరసున్న లేనట్టే అనుకోమని చెప్పాను. సమస్య సగం తీరింది. చేతిరాత ఇంకా రాదు. అమ్మమ్మ పాత ఉత్తరం ఇస్తే అటూ ఇటూ తిప్పి చూసి ఇచ్చేసింది.

డిసెంబరు, మూడో వారం

ధనుర్మాసం వచ్చింది. చెన్నైలో పరుగుకు ఏడాది మొత్తంలో ఇంత మంచి రోజులు లేవు. చల్లగాలి ఉంటుంది, కపాలీశ్వరుని మాడ వీధుల్లో భజనలు వినబడతాయి. ఒకటే ఇబ్బంది, ముగ్గులు. వాకిలి దాటి రోడ్డు మధ్య దాకా వేస్తారు. తొక్కకుండా పరుగెత్తాలంటే కథ చెప్పేవాడి కన్ను నేల మీద ఉండాలి. ముగ్గు దాటేటప్పుడు వాక్యం మధ్యలో ఆపడం అనుమతించబడింది.

నా లెక్క: ఎనిమిది కిలోమీటర్లు నడక లేకుండా, మాట ఆగకుండా వస్తున్నాయి. జనవరిలో చెన్నై మారథాన్‌లో పది కిలోమీటర్ల విభాగానికి ఇద్దరం పేరు ఇచ్చాం. ఆమె ఒంటరిగా పరుగెత్తితే నాకంటే అరగంట ముందు చేరుతుంది. నాతోనే వస్తానంటోంది. జనం గుంపులో మొదటి కిలోమీటరు అందరూ ఉరుకుతారు, అక్కడ నా నోరు ఆగకుండా చూడటానికి తను ఉండాలట. ఎనిమిది నిమిషాల చొప్పున చూసుకుంటే గంటా ఇరవై నిమిషాల కథ కావాలి. ఇప్పటిదాకా మేము ఒకేసారి చెప్పుకున్న వాటిలో అంత పొడుగుది లేదు.

కథ తనదే. చందమామలు దాటి నవల పట్టుకుంది, మూడింట రెండు వంతులు అయింది. రోజుకు ఆరు పేజీల కంటే ఎక్కువ చదవనివ్వడం లేదు, తనకు కోపంగా ఉంది. పందెం ముందు రోజుకు ముగిస్తానంటోంది. ఆ నవల నేను ముప్పై ఏళ్ళ కిందట చదివాను. చివర ఏమవుతుందో పది కిలోమీటర్లలో ఎక్కడా నోరు జారకూడదని షరతు పెట్టి, ఫ్రిజ్ మీద కాగితం అంటించింది. తెలుగులోనే రాసింది. ‘షరతు’లో రేఫకు బదులు బండి ఱ పెట్టింది, కన్నెమరా ప్రభావం.